కంటి కిటికీలోకి నెత్తురు పాకితే?

వెలుతురులో అద్దం ముందు నిలబడండి. చేతులు శుభ్రంగా కడుక్కుని, కింది రెప్పను వేలితో కొంచెం కిందికి లాగి మీ కంటిని శ్రద్ధగా చూసుకోండి. తెల్లగుడ్డు మీద సన్నని ఎర్రని దారాలు కనిపిస్తున్నాయి కదూ? అవి రక్తనాళాలు. వాటిలో ఒకదాన్ని ఎంచుకుని, అది ఎటు పోతున్నదో గమనించండి. వంకరటింకరగా నల్లగుడ్డు వైపు వస్తుంది. వచ్చి అంచు దగ్గర ఆగిపోతుంది. ఆరోగ్యమైన కంటిలో ఒక్క నాళమైనా ఆ గీత దాటి నడిమికి రాదు.

ఇది వింతగా లేదూ? చర్మం మీద ఎక్కడ ముల్లు గుచ్చుకున్నా నెత్తురు చుక్క వస్తుంది. రక్తం ద్వారా ఆహారమూ ఆక్సిజనూ అందకపోతే కణాలు బతకవని జీవశాస్త్రంలో చదువుకున్నాం. మరి నల్లగుడ్డు మీది పొర నెత్తురు లేకుండా ఎలా బతుకుతున్నది? రక్తనాళాలను గీత దగ్గర ఆపుతున్నది ఏమిటి? ఒకవేళ అవి గీత దాటితే ఏమవుతుంది? ఈ మూడు ప్రశ్నలకు జవాబులు తెలుసుకుందాం. మూడో ప్రశ్నకు జవాబు తెలిసినవారు తమ ఇంట్లోనో, ఊళ్లోనో ఒకరి చూపును కాపాడగలరు.

గాలి నుంచే ఊపిరి

నల్లగుడ్డు అని మనం పిలిచేది నిజానికి నల్లగా ఉండదు. ముందువైపు చేతిగడియారం అద్దంలాగా కొంచెం ఉబ్బెత్తుగా, పూర్తిగా పారదర్శకంగా ఒక పొర ఉంటుంది. దాని వెనుక ఉన్న రంగుపొరా, ఆ రంగుపొర నడుమ ఉన్న కంటిపాపా మనకు నల్లగా కనిపిస్తాయి. ముందున్న ఆ పారదర్శక పొరను పాఠ్యపుస్తకాల్లో శుక్లపటలం అంటారు. డాక్టర్లు కార్నియా అంటారు. పెద్ద వయసులో వచ్చే శుక్లానికీ దీనికీ సంబంధం లేదు. శుక్లం అనేది కంటి లోపల ఉండే కటకానికి పట్టే మసక. ఈ రెండు మాటలతో తికమక పడకుండా ఇక్కడ మనం కార్నియా అనే అందాం.

కార్నియా అడ్డుకొలత సుమారు 11 లేక 12 మిల్లీమీటర్లు. నడుమ మందం దాదాపు అర మిల్లీమీటరు. ఇంత చిన్న పొరే అయినా, కంటిలోకి వచ్చే కాంతిని వంచే పనిలో సుమారు మూడింట రెండు వంతులు దానిదే. లోపలి కటకం మిగిలిన పనిని పూర్తి చేస్తుంది.

దాని మందంలో నూటికి 90 పాళ్లు నడిమి పొరే ఉంటుంది. ఆ పొరలో కొల్లాజెన్ అనే ప్రోటీను పోగులు ఉంటాయి. ఒక మిల్లీమీటరును 30 వేల భాగాలు చేస్తే ఒక భాగం ఎంత ఉంటుందో, ఒక్కొక్క పోగు మందం దాదాపు అంత. మగ్గం మీద పడుగు దారాలలాగా ఇవి సమాన దూరంలో, వరుస తప్పకుండా పేర్చి ఉంటాయి. తెల్లగుడ్డులో ఉన్నవి కూడా కొల్లాజెన్ పోగులే. కాని అక్కడ లావువీ సన్ననివీ కలిసి, అడ్డదిడ్డంగా అల్లుకుని ఉంటాయి. అందుకే అది తెల్లగా, కాంతికి అడ్డుగా ఉంటుంది. ఒకే సరుకు, పేర్పులో మార్పు వల్ల ఒకటి గోడ అయింది, ఒకటి కిటికీ అయింది.

కిటికీ అద్దంలో ఎర్రని గొట్టాలు ఉంటే బయటి దృశ్యం సరిగా కనబడుతుందా? కనబడదు. అందువల్ల కార్నియా రక్తనాళాలు లేకుండానే జీవించే ఏర్పాటు చేసుకున్నది. మనం మేలుకుని ఉన్నప్పుడు దానికి కావలసిన ఆక్సిజన్ ఎక్కువగా గాలి నుంచే వస్తుంది. గాలిలోని ఆక్సిజన్ కన్నీటి పొరలో కరిగి లోపలికి చేరుతుంది. గ్లూకోజు కార్నియా వెనుక నిండి ఉండే తేట ద్రవం నుంచి అందుతుంది. అంచు చుట్టూ ఉన్న కేశనాళికలు కూడా కొంత సాయపడతాయి. ఇక కార్నియా వెనుక గోడకు ఒకే వరుస కణాలు అంటుకుని ఉంటాయి. ఇవి పొరలోకి ఊరే నీటిని ఎప్పటికప్పుడు బయటికి తోడేస్తుంటాయి. ఆ పని ఆగిందంటే కార్నియా నానిన అటుకులాగా ఉబ్బి మసకబారుతుంది.

తాళంచెవులను పట్టేసే తాళాలు

రక్తనాళాలను గీత దగ్గర ఆపుతున్నది ఏమిటన్నది మన రెండో ప్రశ్న. దీనికి జవాబు ముక్కలు ముక్కలుగా దొరికింది.

అమెరికాలోని బోస్టన్ నగరంలో జూడా ఫోక్‌మన్ అనే శస్త్రవైద్యుడు ఉండేవారు. క్యాన్సర్ గడ్డలు పెరగాలంటే వాటికి కొత్త రక్తనాళాలు కావాలనీ, వాటిని రప్పించే పదార్థాన్ని గడ్డలే విడుదల చేస్తాయనీ ఆయన 1971లో ప్రతిపాదించారు. దీన్ని కళ్లారా చూడటానికి ఆయన బృందం ఎంచుకున్న చోటు ఏమిటో తెలుసా? కుందేలు కార్నియా! అంచుకు కొంచెం దూరంలో కార్నియాలో చిన్న జేబులాంటిది చేసి, అందులో గడ్డ ముక్కను ఉంచారు. కొన్ని రోజుల్లోనే అంచునున్న రక్తనాళాలు మొలకలు వేసి, ఆ ముక్క ఉన్న దిక్కుగా సాగాయి. 1974లో ఈ ప్రయోగ వివరాలు వెలువడ్డాయి. పారదర్శకమైన పొర కావడం వల్ల ప్రతి మొలకా స్పష్టంగా కనిపించింది.

పిలుపు పంపే ఆ పదార్థాలలో ముఖ్యమైనదాన్ని 1989లో అమెరికా శాస్త్రజ్ఞుడు నెపోలియన్ ఫెరారా బృందం వేరుచేసి పేరు పెట్టింది. అది ఒక ప్రోటీను. దాని పొడవైన పేరును కుదించి వి.ఇ.జి.ఎఫ్. అంటారు. రక్తనాళపు గోడలోని కణాల మీద దీనికి సరిపోయే గ్రాహకాలు ఉంటాయి. వి.ఇ.జి.ఎఫ్.ను తాళంచెవి అనుకోండి, గ్రాహకాన్ని తాళం అనుకోండి. చెవి తాళంలో పడి తిరిగిందంటే ఆ కణం విభజన చెందడం మొదలుపెడుతుంది. నాళానికి కొమ్మ వేస్తుంది.

ఆశ్చర్యం ఏమిటంటే, ఆరోగ్యమైన కార్నియాలో కూడా ఈ తాళంచెవులు ఉన్నాయి. మరి నాళాలు ఎందుకు రావడం లేదు? 2006లో ‘నేచర్’ పత్రికలో దీనికి జవాబు వచ్చింది. ఆ పరిశోధనకు ముందున్నవారు బాలమురళి అంబటి, జయకృష్ణ అంబటి అనే అన్నదమ్ములు. బాలమురళి వెల్లూరులో పుట్టి, అమెరికాలో చదివి, 1995లో 17 ఏళ్ల వయసులోనే డాక్టరు పట్టా పుచ్చుకున్నవారు. ఈ బృందం కనుగొన్నది ఇది: కార్నియా కణాలు ఏ కణానికీ అతుక్కోని విడి తాళాలను తయారు చేసి చుట్టూ వదులుతాయి. తాళంచెవులు ముందుగా ఈ విడి తాళాల్లో ఇరుక్కుపోతాయి. రక్తనాళాల కణాల దాకా చేరనే చేరవు. పిలుపు దారిలోనే ఆగిపోతుంది. ఎలుకల కార్నియాలో ఈ విడి తాళాలు పనిచేయకుండా చేస్తే రక్తనాళాలు లోపలికి వచ్చాయి.

ఇది మరో విధంగా కూడా నిజమేనా అని వారు జంతువులలో వెతికారు. మానటీ అని ఒక నీటి జంతువు ఉంది. సముద్రపు ఆవు అని కూడా అంటారు. ఫ్లోరిడా తీరంలో కనిపిస్తుంది. దాని కార్నియాలో పుట్టుకతోనే రక్తనాళాలు ఉంటాయి. పరీక్షించి చూస్తే అందులో విడి తాళాలు లేవు! మానటీకి నీటిలో దగ్గరి చుట్టం డుగాంగ్. ఇది మన దేశంలో మన్నారు సింధుశాఖలోనూ ఉంది. నేల మీద దగ్గరి చుట్టం ఏనుగు. ఈ రెండింటి కార్నియాలూ తేటగానే ఉంటాయి. రెండింటిలోనూ విడి తాళాలు ఉన్నాయి. ప్రకృతే ఒక ప్రయోగం చేసి మన ముందు పెట్టిందన్నమాట!

కార్నియాకు మరొక కాపలా కూడా ఉంది. తెల్లగుడ్డూ నల్లగుడ్డూ కలిసే అంచులో మూలకణాలు ఉంటాయి. కార్నియా పైపొర అరిగిపోతున్న కొద్దీ కొత్త కణాలను పంపేవి ఇవే. పొలం గట్టులాగా ఇవి తెల్లగుడ్డు మీది పొరను ఇటు పొర్లకుండా ఆపుతాయి. గట్టు తెగితే ఆ పొర తన నాళాలతో సహా కార్నియా మీదికి వస్తుంది.

దీన్ని బట్టి ఒక సంగతి తెలుస్తున్నది. కార్నియా తేటగా ఉండటం దానంతట అది జరిగేది కాదు. ప్రతి క్షణమూ కాపలా ఉంటేనే ఆ తేటదనం నిలుస్తుంది.

సాయానికి వచ్చి చేటు చేస్తాయి

కాపలా ఎప్పుడు తప్పుతుంది? కార్నియా ఆపదలో పడినప్పుడు. గాయమైన చోట, సూక్ష్మజీవులు చేరిన చోట, ఆక్సిజన్ చాలని చోట కణాలు లెక్కకు మించి తాళంచెవులను వదులుతాయి. వాపు వచ్చి పోగులు వదులవుతాయి. నాళాలకు దారి దొరుకుతుంది. కాలికి దెబ్బ తగిలితే కొత్త రక్తనాళాలు పుట్టి పుండు మానుతుంది. అది మేలే. ఇక్కడా నాళాలు ఆ పనికే వస్తాయి. కాని కిటికీ అద్దంలో మరమ్మతు పనివారు గుడారం వేసుకుని కూర్చుంటే ఇంట్లోకి వెలుగు ఎలా వస్తుంది? కొత్త నాళాల గోడలు బలహీనంగా ఉంటాయి. వాటి నుంచి ద్రవమూ కొవ్వూ ఊరి పోగుల వరుస చెదురుతుంది. చివరికి తెల్లని మచ్చ మిగులుతుంది. మన పెద్దలు ‘కంటిలో పువ్వు వేసింది’ అనేది ఇలాంటి మచ్చనే.

ముఖ్యమైన కారణాలు చూద్దాం.

మొదటిది, పుండ్లు. వరికోతల్లోనూ నూర్పిళ్లలోనూ ఆకు కొస, ఊక, గడ్డిపరక కంటికి తగులుతాయి. గీత పడిన కార్నియాలోకి బూజు జాతి జీవులో బాక్టీరియానో ప్రవేశించి పుండు పెడతాయి. పెదవుల మీద పొక్కులు తెచ్చే హెర్పిస్ వైరస్ కూడా కార్నియాకు పదే పదే పుండు పెట్టగలదు.

రెండవది, సున్నమూ రసాయనాలూ. సున్నం క్షారమని మీకు తెలుసు. ఆమ్లం తగిలినప్పుడు పైపొరలోని ప్రోటీన్లు గడ్డకట్టి, అది మరింత లోపలికి పోకుండా కొంతవరకు అడ్డుపడతాయి. క్షారం అలా కాదు. అది కణాల కొవ్వును సబ్బుగా మార్చి లోలోపలికి దిగిపోతుంది. అంచులోని మూలకణాలను చంపుతుంది. తాంబూలంలో వాడే సున్నం పొట్లాన్ని చిన్నపిల్లలు ఆటగా నొక్కితే అది చిట్లి సూటిగా కంట్లో పడుతుంది. ఇలా చూపు పోయిన పిల్లలు మన దేశంలో ఉన్నారు.

మూడవది, ట్రకోమా. దీనిలో పైరెప్ప లోపలివైపు గరుకు తేలి, కార్నియా మీదికి పైనుంచి నాళాలు తెరలాగా దిగుతాయి. ఒకప్పుడు మన దేశంలో చూపు పోవడానికి ఇది పెద్ద కారణం. మందులూ, శుభ్రమైన నీరూ, పారిశుద్ధ్యమూ కలిసి దీన్ని అణచగలిగాయి. 2024లో ప్రపంచ ఆరోగ్య సంస్థ, భారతదేశంలో ట్రకోమా ఇక ప్రజారోగ్య సమస్య కాదని ధ్రువపరిచింది.

నాలుగవది, ఆక్సిజన్ కొరత. కంటిపై అంటించుకునే కాంటాక్ట్ లెన్సులను రాత్రింబవళ్లు తీయకుండా ఉంచితే కార్నియాకు గాలి చాలదు. అంచు నాళాలు మెల్లగా లోపలికి జరుగుతాయి. లెన్సులతో నిద్రపోకూడదని డాక్టర్లు చెప్పే కారణాలలో ఇది ఒకటి.

ఆహారానికి కూడా ఇందులో పాత్ర ఉందని 1939లో బెస్సీ, వోల్బాక్ అనే శాస్త్రజ్ఞులు ఎలుకలలో చూపారు. రైబోఫ్లేవిన్ అనే విటమిన్ లేని తిండి పెట్టిన ఎలుకల కార్నియాలలోకి రక్తనాళాలు పెరిగాయి.

ఒక చిన్న హెచ్చరిక. ఎండలో, దుమ్ములో తిరిగేవారికి కొందరికి ముక్కువైపు నుంచి రెక్క ఆకారంలో కండ పెరిగి నల్లగుడ్డు మీదికి వస్తుంది. అది వేరే జబ్బు. దాని చికిత్స వేరు.

మందు ఏమిటి?

కంటి డాక్టరు ముందుగా సన్నని చీలికలాంటి వెలుగును కంటి మీద వేసి, సూక్ష్మదర్శినితో చూస్తారు. నాళాలు పైపొరలో ఉన్నాయా, లోతుగా ఉన్నాయా, వాటిలో రక్తం పారుతున్నదా అన్నది తెలుస్తుంది. తరువాత పిలుపు ఎక్కడి నుంచి వస్తున్నదో వెతుకుతారు. పుండు ఉంటే దానికి మందు, లోపలికి తిరిగి గుచ్చుకునే రెప్పవెంట్రుక ఉంటే దాని సవరణ, లెన్సుల వల్ల అయితే వాటిని ఆపడం. పిలుపు ఆగితే చాలా నాళాలు నెత్తురు లేక ఖాళీ అవుతాయి. నీరు రాని కాలువల్లాగా సన్నని గీతలై మిగులుతాయి.

వాపు తగ్గించడానికి స్టిరాయిడ్ చుక్కలు వేస్తారు. ఇవి రెండంచుల కత్తి. బూజు వల్ల వచ్చిన పుండులో వీటిని వేస్తే శరీరపు రక్షణ తగ్గి, బూజు మరింత విజృంభిస్తుంది. ఎక్కువ కాలం వాడితే కంటి లోపలి పీడనం పెరిగి చూపునరం దెబ్బతినవచ్చు. కన్ను ఎర్రబడగానే మందుల దుకాణంలో అడిగి ఏదో ఒక చుక్క తెచ్చి వేసుకునే అలవాటు ఎంత ప్రమాదమో చూడండి!

తాళంచెవి సంగతి తెలిశాక దాన్నే పట్టేసే మందు వచ్చింది. బెవసిజుమాబ్ అనే మందును పెద్దపేగు క్యాన్సర్ కోసం 2004లో అమెరికాలో అనుమతించారు. అది వి.ఇ.జి.ఎఫ్.ను పట్టి బంధిస్తుంది. కంటి డాక్టర్లు దాన్నే చుక్కలుగానో ఇంజెక్షనుగానో కార్నియా నాళాలకు వాడి చూశారు. లేత నాళాలు తగ్గాయి. ముదిరిన నాళాల మీద అంతగా పనిచేయలేదు. వాటి గోడలకు దన్నుగా వేరే కణాలు చేరిపోవడమే దీనికి కారణం. మొక్కగా వంగనిది మానై వంగుతుందా అన్న మాట ఇక్కడా నిజమే. ముదిరిన నాళాలను లేజరు కాంతితోగాని, సన్నని సూది ద్వారా విద్యుత్తు పంపిగాని కాల్చి మూస్తారు.

సున్నం పడి అంచు మూలకణాలు చచ్చిపోతే ఈ మందులు చాలవు. గట్టును మళ్లీ వేయాలి. హైదరాబాదులోని ఎల్.వి. ప్రసాద్ నేత్ర వైద్య సంస్థలో డాక్టర్ వీరేందర్ సాంగ్వాన్ బృందం దీనికి ఒక సులువైన పద్ధతిని రూపొందించి 2012లో ప్రకటించింది. బాగున్న రెండో కంటి అంచు నుంచి సుమారు 2 మిల్లీమీటర్ల ముక్క తీస్తారు. దాన్ని ఎనిమిది పది తునకలు చేస్తారు. పాడైన కంటి మీద కాన్పు సమయంలో దొరికే మాయ పొరను పరిచి, దాని మీద ఈ తునకలను నారు వేసినట్టు ఎడంగా అతికిస్తారు. వాటి నుంచి కొత్త పైపొర పెరిగి కార్నియాను కప్పుతుంది. ఖరీదైన ప్రయోగశాలలో కణాలను పెంచే అవసరం లేదు. ఈ పద్ధతిని ఇతర దేశాల డాక్టర్లు కూడా వాడుతున్నారు.

మచ్చ లోతుగా ఉంటే మరొకరు దానం చేసిన కార్నియాను అతకాలి. మనిషికి మొదటిసారి ఈ ఆపరేషన్ సఫలమైంది 1905 డిసెంబరు 7న. ఇప్పటి చెక్ దేశంలోని ఓలోమౌట్స్ పట్టణంలో ఎడ్వర్డ్ జిర్మ్ అనే డాక్టరు చేశారు. ఆ రోగి ఒక కూలీ. అతని కళ్లు పోయింది కూడా సున్నం వల్లనే! మామూలుగా కార్నియా మార్పిడి మిగతా అవయవాల మార్పిడి కంటే బాగా కుదురుతుంది. దానిలో రక్తనాళాలు లేకపోవడం వల్ల, పరాయి కణజాలాన్ని పట్టి తరిమే రక్తకణాలు అక్కడికి అంత తేలికగా చేరలేవు. కాని నాళాలు ముందే పాకి ఉంటే, ఆ రక్తకణాలకు దారి వేసినట్టే. కొత్త కార్నియాను శరీరం తిరస్కరించే ప్రమాదం బాగా పెరుగుతుంది. నాళాలు ఒక్క చూపునే కాక, రేపటి చికిత్సను కూడా కష్టం చేస్తాయన్నమాట.

మీరు చేయగలిగినవి

కంట్లో సున్నంగాని, యాసిడ్‌గాని, మరే రసాయనంగాని పడితే ఒక్క క్షణం ఆలస్యం చేయకండి. దగ్గరున్న శుభ్రమైన నీటితో, రెప్పలు విప్పి పట్టుకుని, కనీసం 15 నుంచి 30 నిమిషాలపాటు ధారగా కడగండి. కంట్లో చిక్కిన సున్నపు పలుకులు నీటితో కొట్టుకుపోవాలి. ఆ తరువాతే ఆసుపత్రికి ప్రయాణం. సున్నానికి విరుగుడు కదా అని నిమ్మరసమో చింతపులుసో పోయకూడదు. నీరే సరైన మందు.

గడ్డిపరకగాని ఊకగాని తగిలి కన్ను ఎర్రబడి, నీరు కారుతూ, వెలుగు చూడలేకపోతే ఆ రోజే కంటి డాక్టరుకు చూపించాలి. ఆకుపసర్లు, చనుబాలు, ఆముదం వంటివి కంట్లో వేయకూడదు. కన్ను నలపకూడదు. సున్నం పొట్లాలు పిల్లలకు అందని చోట ఉంచమని ఇంట్లో పెద్దలకు చెప్పండి. నూర్పిళ్లకు వెళ్లే మీ నాన్నగారికి, మామయ్యకు కళ్లద్దాలు పెట్టుకోమని గుర్తుచేయండి. మామూలు కళ్లద్దాలైనా పెట్టుకోకపోవడం కంటే మేలు.

నేత్రదానం గురించి కూడా ఇంట్లో మాట్లాడండి. మరణించిన ఆరు గంటల లోపల కార్నియాలను సేకరించాలి. కళ్లద్దాలు వాడినవారూ, శుక్లం ఆపరేషన్ చేయించుకున్నవారూ, ఎంత పెద్ద వయసువారైనా దానం చేయవచ్చు.

ఆలోచించండి

1. తెల్లగుడ్డూ కార్నియా ఒకే ప్రోటీనుతో తయారైనా, ఒకటి తెల్లగా, ఒకటి పారదర్శకంగా ఎందుకు ఉన్నాయి?

2. మానటీ కార్నియాను మాత్రమే పరీక్షించి, ఏనుగు, డుగాంగ్ కార్నియాలను పరీక్షించకపోతే ఆ శాస్త్రజ్ఞుల వాదంలో ఏ లోపం మిగిలేది?

3. కుందేలు కార్నియాకు బదులు కుందేలు తొడ కండరంలో గడ్డ ముక్కను ఉంచి ఉంటే, కొత్త నాళాలను గుర్తించడం ఎందుకు కష్టమయ్యేది?